మన పెద్దల్ని బొమ్మ తీయండి!

వెనుకటి రోజుల్లో శ్రీకాకుళంలోనైనా, విజయనగరంలోనైనా సినిమాకు వెళ్ళిన ప్రతివారికీ ఒక అనుభవం తప్పేది కాదు. హాల్లో దీపాలు ఆరిపోతాయి. నాగేశ్వరరావో, రామారావో కనిపిస్తాడని కళ్ళు కాయలు కాచేలా చూస్తూంటే, తెరమీద భారత ప్రభుత్వంవారి వార్తాచిత్రం మొదలవుతుంది. ఒక ఆనకట్ట, ఒక మంత్రిగారి మెడలో దండ, ఒక వరద, ఒక క్రికెట్టు ఆట. నేల టిక్కెట్టువారు సోడాలకోసం లేచేవారు. బెంచీవారు కబుర్లలో పడేవారు. అసలు కథ మొదలయ్యేదాకా ఎవరికీ తెరమీద ధ్యాస ఉండేది కాదు.

ఆ చిన్న చిత్రాలు తీసినది ఫిలిమ్స్ డివిజన్ అనే ప్రభుత్వ సంస్థ. 1948లో ఏర్పడి, 2022లో జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో కలిసిపోయింది. మధ్యకాలంలో అది తీసిన డాక్యుమెంటరీలు వేలు. వాటిలో 1967లో ఎస్. ఎన్. ఎస్. శాస్త్రిగారు తీసిన ఒక చిత్రాన్ని ఇప్పటికీ తెలిసినవాళ్ళు తలుచుకుంటారు. దాని పేరు ‘ఐ యామ్ ట్వంటీ’, అంటే ‘నాకు ఇరవై ఏళ్ళు’ అని. దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన 1947 ఆగస్టు 15నాడే పుట్టిన యువతీ యువకుల్ని వెదికి పట్టుకుని, వారి ముందు కెమేరా పెట్టి, మీ ఆశలేమిటి, మీ దేశంమీద మీ అభిప్రాయమేమిటి అని అడిగారు. వాళ్ళు దాపరికం లేకుండా చెప్పారు. చిత్రం గొప్పగా కుదిరింది.

ఇరవై ఏళ్ళవారిని అడిగారు, బాగానే ఉన్నది. మరి ఎనభై ఏళ్ళవారిని అడిగేదెవరు?

ఈ ప్రశ్న మన ఉత్తరపు జిల్లాలకు మరీ బాగా వర్తిస్తుంది. ఎందుకంటారా? చెబుతాను.

అయిదు తాళాలు ఏమైనవి?

హరికథా పితామహులు ఆదిభట్ల నారాయణదాసుగారి పేరు వినని తెలుగువారుండరు. బొబ్బిలి దగ్గరి అజ్జాడలో 1864లో పుట్టారు. విజయనగరంలో 1919లో సంగీత కళాశాల ఏర్పడినప్పుడు దానికి మొదటి అధ్యక్షులు ఆయనే. కాళ్ళకు గజ్జెలు కట్టి, చిరతలు పట్టి నిలుచున్నారంటే ఆటా, పాటా, మాటా ముప్పేటగా సాగేవి. రెండు చేతులతో రెండు తాళాలు, రెండు కాళ్ళతో రెండు తాళాలు, శిరస్సుతో మరొక తాళం, వెరసి అయిదు తాళాలు ఏకకాలంలో నడిపేవారని ప్రసిద్ధి. అందుకే ఆయన్ని లయబ్రహ్మ అన్నారు.

అయిదు తాళాలు ఒక్క మనిషి శరీరంలో ఎలా ఇమిడాయి? కుడికాలు ఒక లెక్క వేస్తూంటే ఎడమకాలు మరో లెక్క ఎలా వేసింది? తల ఎక్కడ ఊగింది, కన్ను ఎక్కడ నిలిచింది? ఎన్ని పుటలు వ్రాసినా ఇది అక్షరాల్లో పట్టుబడేది కాదు. చూసినవారు చెప్పగా విన్నదే మనకు మిగిలింది. చూసినవారు కూడా ఒక్కొక్కరే వెళ్ళిపోయారు.

దాసుగారి కాలానికి చలనచిత్రం లేదా అంటే, నిక్షేపంలా ఉన్నది! మొదటి తెలుగు టాకీ ‘భక్తప్రహ్లాద’ 1932లో వచ్చింది. దాసుగారు 1945 జనవరి 2 దాకా జీవించే ఉన్నారు. ఆ పన్నెండేళ్ళ పైచిలుకు కాలంలో మనవాళ్ళు రాముణ్ణి, కృష్ణుణ్ణి, నారదుణ్ణి ఎందరినో తెరమీదికి తెచ్చారు. విజయనగరం వీధుల్లో నడిచిపోయే నారదుడివంక కెమేరా తిరగలేదు.

పోయినదానికి వగచి ప్రయోజనం లేదు. ఐతే, ఇంకా పోనిదాని సంగతి చూడాలి గదా!

చెవితో వ్రాసుకున్న పంతులుగారు

కెమేరా లేకపోయినా పెద్దల మాటను పట్టి నిలబెట్టిన మహనీయుడొకరు మన ప్రాంతంలోనే ఉండేవారు. వ్యావహారిక భాషోద్యమ నాయకులు గిడుగు రామమూర్తి పంతులుగారు. 1863లో శ్రీముఖలింగం సమీపాన పర్వతాలపేటలో పుట్టి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయులయ్యారు. కొండలు దిగి సంతకు వచ్చే సవరల మాట ఆయన చెవిని పడింది. దానికి లిపి లేదు, పుస్తకం లేదు. ఒక్కటే దారి: మాట్లాడేవాళ్ళ దగ్గర కూచుని వినడం. సవర తెలిసినవారిని ఇంట పెట్టుకుని నేర్చుకున్నారు. కొండలకు వెళ్ళారు. అక్కడ మన్యపు జ్వరం పట్టుకుంది. దానికి క్వినైను మింగి మింగి, చివరికి వినికిడి దెబ్బతిన్నది. ఒక జాతి మాటను చెవితో పట్టిన మనిషికి ఆ చెవులే పోయినవి! అయినా పని మానలేదు. 1931లో సవర భాషా వ్యాకరణం, 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు అచ్చయ్యాయి. 1940లో కన్నుమూశారు.

పంతులుగారి నిఘంటువులో మాట ఉన్నది. ఆ మాట అన్న ముసలి సవర ముఖం, గొంతులో విరుపు, చేతి విసురు లేవు. అది పంతులుగారి లోపం కాదు, కాగితం లోపం.

ఆ తరవాత చాలాకాలానికి ఆ సవర మాటకోసం కెమేరాతో సహా సముద్రాలు దాటి కొందరు వచ్చారు. డేవిడ్ హారిసన్, గ్రెగరీ ఆండర్సన్ అనే అమెరికా భాషాశాస్త్రజ్ఞులిద్దరు అంతరించిపోతున్న భాషలు మాట్లాడే పెద్దలకోసం దేశదేశాలు తిరిగారు. వారి వెంట తిరిగి తీసిన డాక్యుమెంటరీయే ‘ది లింగ్విస్ట్స్’. 2008లో సన్‌డాన్స్ చిత్రోత్సవంలో మొదటిసారి చూపించారు. సైబీరియా, బొలీవియా, అరిజోనాలతోపాటు మన సరిహద్దు ఒరిస్సాలోని సవరలకూ అందులో చోటు దొరికింది.

సవరల లెక్క తెలుసునా మీకు? మనం పది దగ్గర మలుపు తిరుగుతాం. వాళ్ళు పన్నెండు దగ్గర ఒకసారి, ఇరవై దగ్గర మరోసారి తిరుగుతారు. పదమూడు అనడానికి ‘పన్నెండూ ఒకటి’ అంటారు. ముప్పై రెండంటే ‘ఇరవై పన్నెండు’. ముప్పై మూడంటే ‘ఇరవై పన్నెండూ ఒకటి’. బడిలో తెలుగు లెక్కో, ఒడియా లెక్కో నేర్చిన మనవడికి తాత లెక్క అక్కరలేదు. 2011 జనాభా లెక్కల్లో సవర తమ మాతృభాష అని చెప్పినవారు నాలుగు లక్షల పైచిలుకు ఉన్నారు కనక భాష రేపే పోదు. తాత లెక్క మాత్రం తాతతో పోవచ్చు.

ఆ చిత్రంలో సైబీరియా ఘట్టం ఒకటి మనసుకు పట్టేది. చులిమ్ అనే భాష మాట్లాడేవారికోసం శాస్త్రజ్ఞులు ఊరూరా తిరుగుతూంటారు. దొరికినవారు వృద్ధులు. కొందరికి చెవులు వినపడవు. తీరా చూస్తే, వాళ్ళను బండిలో తిప్పుతున్న డ్రైవరే ఆ భాష బాగా వచ్చినవాడు! అతను ఒకప్పుడు రష్యన్ అక్షరాలతో తన భాషలో వేట దినచర్య వ్రాసుకున్నాడట. ఎవరో చూసి ఎగతాళి చేశారు. దాన్ని పారేశాడు. మళ్ళీ ఎన్నడూ వ్రాయలేదు. దూరదేశం నుంచి వచ్చినవాళ్ళు గౌరవంగా అడిగితేగాని అతని నోట ఆ మాట బయటికి రాలేదు.

పెద్దల నోరు మూయించేది వార్ధక్యం కాదు, మన నవ్వు.

చేప పళ్ళూ, సన్నని నూలూ

ఇక కొండ దిగి పొందూరు వెడదాం. శ్రీకాకుళానికి దగ్గరే, రైలు స్టేషను కూడా ఉన్నది. పొందూరు ఖద్దరు పేరు వినని కాంగ్రెసువాది ఆ రోజుల్లో లేడు. గాంధీమహాత్ముడు ‘యంగ్ ఇండియా’లో దాన్ని మెచ్చుకున్నారు. ఆ నేర్పు చూసి రమ్మని కుమారుడు దేవదాసు గాంధీని పంపారు.

ఆ నూలు వడికేవారిలో ఎక్కువమంది పట్టుశాలి స్త్రీలు, అందులోనూ వయసుమళ్ళినవారే. పత్తి కాయలోంచి తీసిన దూదిని గింజతోసహా పట్టుకుని, వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. ఆ ఎముకకున్న సన్నని పళ్ళు దువ్వెనలా పనిచేసి, నలకంతా ఊడ్చి, పోగుల్ని ఒకే వైపుకు సాపుచేస్తాయి. ఇలాంటి దువ్వెన ఏ యంత్రశాలలోనూ తయారు కాదు. ఆ తరవాత చెక్కమీద ఇనపకడ్డీ దొర్లించి గింజ తీయడం, చిన్న వింటితో ఏకడం, ఏకులు చుట్టి ఎండిన అరటిదవ్వలో దాచడం, ఒంటికదురు రాట్నంమీద వడకడం.

అలా వడికే నూలు నూరో నంబరు దాకా పోతుంది. నూరో నంబరంటే ఏమిటో లెక్క వేసి చూడండి. నంబరొక్కింటికి పౌను నూలులో 840 గజాలు. నూరో నంబరుకు పౌనుకు 84,000 గజాలు, అంటే సుమారు 77 కిలోమీటర్లు. అరకిలోకు కాస్త తక్కువ దూదిని ఆ అవ్వ శ్రీకాకుళం నుంచి విజయనగరం దాకా సాగదీసిందన్నమాట, అదీ ఇంటి అరుగుమీద కూచుని!

ఈ అవ్వ దగ్గరకు వెళ్ళి ‘నీ విద్య చెప్పు’ అని అడగండి. ఆవిడ నవ్వుతుంది. ‘‘నానేటి సెప్పగల్ను బాబూ? నాకు సదువు నేదు’’ అంటుంది. నిజమే, ఆవిడ చెప్పలేదు. ఆ విద్య ఉన్నది నోట్లో కాదు, వేళ్ళలో. దూది ఎంత నొక్కాలో, కదురు ఎంత జోరుగా తిప్పాలో, పోగు తెగబోతున్న సంగతి తెగకముందే ఎలా తెలుస్తుందో ఆ వేళ్ళకే ఎరుక. బొబ్బిలిలో పనసకర్ర తొలిచి ఏకాండి వీణ చేసే పెద్ద పనివాడి సంగతీ అంతే. కర్రను వేలితో తట్టి, చెవి ఒగ్గి, ‘ఇది పలుకుతుంది’ అంటాడు. ఎలా తెలిసిందంటే ఏం చెబుతాడు?

చెప్పలేని విద్యను చూపించగలది ఒక్క చలనచిత్రమే. ఐతే ఓపికగా తీయాలి. అవ్వ ముఖం అర నిమిషం, చేయి అర నిమిషం, వెనక వీణపాట, ఆపైన ఎవరో పెద్దమనిషి గంభీరకంఠంతో వ్యాఖ్యానం, ఇలా అయితే అది ఖద్దరు ప్రకటన అవుతుందిగాని అవ్వ చరిత్ర కాదు. కెమేరాను ఆ చేతులకు దగ్గరగా పెట్టి, ఒక ఏకు ఆసాంతం నూలయ్యేదాకా కదపకుండా ఉంచాలి. రాట్నం చప్పుడు వినపడనివ్వాలి. పోగు తెగితే తెగనివ్వాలి. తెగిన పోగు ఎలా అతికిందో చూడడంలోనే సగం విద్య ఉన్నది. వందేళ్ళ తరవాత ఎవరైనా ఆ బొమ్మ చూసి దూది చేతబట్టుకుంటే, అప్పుడు ఆ అవ్వ గురువవుతుంది.

సత్యజిత్ రాయ్ జాగు

తీస్తాంలే, తొందరేముంది అనుకోవడం అందరికీ ఉన్నదే. మహాదర్శకుడు సత్యజిత్ రాయ్ అంతటివాడికీ తప్పలేదు. భరతనాట్య రాణి బాలసరస్వతిని చిత్రంగా తీయాలని 1966 ప్రాంతంలోనే అనుకున్నారు. ఏవో అడ్డంకులు. ‘బాల’ చిత్రం తయారయ్యేసరికి 1976 వచ్చింది. ఆవిడకు యాభై ఎనిమిదేళ్ళు. నిండు ప్రాయంలో తీయలేకపోయామే అన్న బాధ ఉన్నా, అసలే తీయకపోవడంకన్న ఇదే మేలని రాయ్ సమాధానపడ్డారు. సముద్రపుటొడ్డున, గాలికి బట్టలు రెపరెపలాడుతూంటే ఆవిడ అభినయించిన ఘట్టం చూసినవారు, ఆ పదేళ్ళ జాగును క్షమించి తీరుతారు.

రాయ్‌కి పదేళ్ళు పోయినా పని దక్కింది. ఎనభై అయిదేళ్ళ అవ్వ విషయంలో పదేళ్ళు ఎవరి చేతిలో ఉన్నాయి?

నిజంగా తీయడం, తిరిగి చూపడం

తీయడమంటూ మొదలుపెడితే ఒక పెద్ద ప్రమాదం ఉన్నది. డాక్యుమెంటరీలకు ఆదిపురుషుడనదగిన రాబర్ట్ ఫ్లాహర్టీ 1922లో ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ తీశాడు. మంచుదేశపు వేటగాడి జీవితం అది. ఆ వేటగాళ్ళు అప్పటికే తుపాకులు వాడుతున్నారు. అయినా ఫ్లాహర్టీ పాత పద్ధతిలో ఈటెలతోనే వేటాడించి బొమ్మ తీశాడు. లోకం మెచ్చుకుంది. అందులో అబద్ధం కూడా కలిసింది.

మనవాళ్ళూ ఆ పొరపాటే చేస్తారు. అవ్వ ఇంట్లో టీవీ ఉంటే దాని మీద దుప్పటి కప్పుతారు. సెల్‌ఫోను దాచేస్తారు. చోడి అంబలి కాచమని కట్టెలపొయ్యి వెలిగిస్తారు, ఆవిడ గ్యాసుపొయ్యి మీద కాచుకుంటున్నా సరే! అలా తీస్తే అది అవ్వ జీవితం కాదు, అవ్వచేత కట్టించిన వేషం. ఒక చేత్తో రాట్నం తిప్పుతూ మనవరాలితో ఫోనులో మాట్లాడే అవ్వే నిజమైన అవ్వ.

ఐతే ఫ్లాహర్టీ దగ్గర నేర్చుకోదగిన మంచి కూడా ఒకటున్నది. తీసిన బొమ్మను అక్కడే కడిగి, తెర కట్టి, ఆ వేటగాళ్ళకే ముందు చూపించాడు. తెరమీద సముద్రమృగాన్ని చూసి, గట్టిగా పట్టుకోమని వాళ్ళు కేకలు వేశారట! ఎవరి జీవితం బొమ్మ అయిందో వారికే మొదటి ఆట. ఈ మర్యాద మనవాళ్ళు చాలామంది పాటించరు. పట్నం నుంచి వచ్చి, గంటసేపు తీసుకుని, కాఫీ తాగి వెళ్ళిపోతారు. ఆ చిత్రం ఎక్కడెక్కడో బహుమతులు పొందుతుంది. అవ్వకు మాత్రం తన ముఖం తెరమీద ఎలా ఉన్నదో తెలియదు.

మరొకటి: పెద్దల దగ్గరకు వెళ్ళి ‘ఈ తరానికి మీ సందేశమేమిటి?’ అని అడిగేవారున్నారు. అడిగితే ఏం చెబుతారు పాపం? కష్టపడమంటారు, నిజం చెప్పమంటారు. చేసిన పని అడగండి, అప్పుడు చూడండి. పాత్రికేయుడు పాలగుమ్మి సాయినాథ్ 2014లో మొదలుపెట్టిన గ్రామీణ భారత ప్రజా భాండాగారం ఇలాంటి చిత్రాలు కొన్ని తీసింది. మహారాష్ట్రలో ‘కెప్టెన్ అన్న’ అని పిలుచుకునే స్వాతంత్ర్య యోధునిమీద 2017లో ఒక చిన్న డాక్యుమెంటరీ తీశారు. ఆయనకప్పుడు తొంభై నాలుగేళ్ళు. 1943 జూన్‌లో బ్రిటిషువారి జీతాల డబ్బు తీసుకుపోతున్న రైలును అటకాయించిన దళానికి నాయకుడు. ‘దోచుకున్నాం’ అనే మాట మాత్రం ఆయన ఒప్పుకోలేదు. మన జనం దగ్గర వాళ్ళు దోచినది తిరిగి తెచ్చామన్నాడు. సందేశం అడిగితే ఈ మాట వచ్చేదా? చేసిన పని అడిగారు కనక వచ్చింది.

మన ఊళ్ళో కూడా అలాగే అడగాలి. మీ పెళ్ళికి ఓలి ఎంత ఇచ్చారు? మొదటి కాన్పుకు మంత్రసాని ఎవరు? 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను ఉద్దానం కొబ్బరితోటల్ని పడగొట్టిందే, అంతటి గాలి మీ చిన్నతనంలో చూశారా? అప్పుడు ఏం తిని బతికారు? ఇలా అడిగితే ‘సదువు నేదు’ అన్న అవ్వే పొద్దుగూకేదాకా చెబుతుంది.

మీ చేతిలోనే ఉన్నది

ఈ పనికి ఫిలిమ్స్ డివిజన్‌వారు రానక్కరలేదు. వెనుకటిలా ఫిల్ము చుట్టలు, కడగడానికి మద్రాసు, అద్దెకు లైట్లు, ఇవేవీ అక్కరలేదు. ప్రతి ఇంట్లోనూ కెమేరా ఉన్న ఫోను ఉన్నది. దాన్ని అడ్డంగా, కదలకుండా నిలబెట్టండి. కిటికీ వెలుగు ముఖంమీద పడేటట్టు కూచోబెట్టండి. ఫాను ఆపండి, మాట స్పష్టంగా వినపడుతుంది. మొదట పేరు, ఊరు, తేదీ చెప్పించండి. మధ్యలో అడ్డు తగలకండి. మౌనంగా ఉంటే ఉండనివ్వండి, తలుచుకుంటున్నారన్నమాట. ‘ఇది తీయవద్దు’ అంటే వెంటనే ఆపండి. అయ్యాక వారికే చూపించండి. ఒక ప్రతి ఇంట్లో, మరొకటి వేరేచోట దాచండి. ఫోను పోయినా తాత పోకూడదు.

దాచే చోటు మాటకు వస్తే, శ్రీకాకుళం మనకు ఒక దారి చూపింది. ‘యజ్ఞం’ రచయిత కాళీపట్నం రామారావు మాస్టారు 1997లో, డెబ్బై రెండేళ్ళ వయసులో, ఆ ఊళ్ళో ‘కథానిలయం’ స్థాపించారు. తెలుగులో అచ్చయిన ప్రతి కథా ఒక చోట ఉండాలని ఆయన పట్టుదల. వారపత్రికల పాత సంచికలు సైతం వెదికి తెచ్చి పెట్టారు. 2021లో మాస్టారు వెళ్ళిపోయారు, నిలయం నిలిచింది. అచ్చయిన కథలకు ఒక ముసలాయన ఇల్లు కట్టగా, అచ్చుకానీ, అక్షరంకానీ ఎరగని పెద్దల కథలకు అలాంటిదే ఒక ఇల్లు మన ఉత్తరపు జిల్లాల్లో ఉండవద్దా? ఒక కాలేజీ, ఒక గ్రంథాలయం పూనుకుంటే చాలు. పిల్లలు సెలవులకు వెళ్ళి తలకొక తాతనో, అవ్వనో బొమ్మ తీసుకువస్తే ఏడాదిలో ఒక నిధి పోగవుతుంది.

సవరల్లో వెనుకటి ఆచారమొకటి ఉండేది. చనిపోయిన పెద్దలు పూనినవారి నోట మళ్ళీ మాట్లాడతారని, బతికున్నవాళ్ళు చుట్టూ కూచుని వారితో గంటలకొద్దీ ముచ్చటిస్తారు, పోట్లాడతారు, ఏడుస్తారు. 1975 నుంచి ఆ కొండల్లో తిరిగిన పియర్స్ విటెబ్‌స్కీ అనే ఇంగ్లండు పండితుడు దీన్నిగురించి వ్రాశాడు. కొత్త తరం మతం మారి, బడికి వెళ్ళి, ఆ ఆచారాన్ని చాలావరకు వదిలింది. మనకు పూనకాలమీద నమ్మకం ఉన్నా లేకపోయినా, పోయినవారి మాట వినాలన్న ఆశ మాత్రం అందరికీ ఉన్నదే.

ఆ ఆశ తీరే సాధనం ఇవాళ మన జేబులో ఉన్నది. ఈ ఆదివారం మీ ఇంటి అవ్వ దగ్గర ఒక గంట కూచోండి. ‘‘ఈ ముసిల్దాన్ని బొమ్మ తీసి ఏటి సేసుకుంతావు?’’ అంటుంది. జవాబు చెప్పకండి. తీయండి.